దుకాణం మూశాక ఆట ఎవరిది?

పాత కన్సోళ్లలో డౌన్‌లోడ్ గేములు ఎక్కించుకోవడంపై సాగుతున్న వాదాల సమీక్ష

2024 జూలై 29న మైక్రోసాఫ్ట్ తన ఎక్స్‌బాక్స్ 360 ఆన్‌లైన్ దుకాణాన్ని మూసేసింది. అంతకు పదహారు నెలల ముందు, 2023 మార్చి 27న, నింటెండో 3డీఎస్, వీ యూ యంత్రాల ఈ-షాపుల్లో అమ్మకాలు ఆపింది. ఆ కంపెనీదే మరో యంత్రం నింటెండో వీ. దాని దుకాణం 2019 జనవరి 30నే మూతపడింది. 2021లో సోనీ కూడా ప్లేస్టేషన్ 3, పీఎస్ వీటా, పీఎస్‌పీ దుకాణాలు మూసేస్తామని ప్రకటించింది. ఆటగాళ్లు గట్టిగా అడ్డం తిరగడంతో మూడు వారాలకే వెనక్కి తగ్గింది. పీఎస్‌పీ విషయంలో మాత్రం తగ్గలేదు.

ఈ మూసివేతలు ఒక పాత వాదాన్ని మళ్లీ వేడెక్కించాయి. వయసు మళ్లిన కన్సోల్‌లోకి డౌన్‌లోడ్ చేసిన గేము ఎక్కించుకోవడం దొంగతనమా, కొనుగోలుదారు హక్కా, లేక చరిత్రను కాపాడే పనా? మూడింటికీ గట్టి సమర్థకులున్నారు. ఇరవై ఏళ్లుగా మాట్లాడుకుంటున్నా ఒకరి మాట ఒకరికి ఎక్కడం లేదు. కారణం స్పష్టంగానే కనిపిస్తుంది. యంత్రంలోకి ఫైలు చేర్చడం ఒక పని. యంత్రానికి తయారీదారు వేసిన తాళం తీయడం రెండో పని. ఆ ఫైలు ఎవరి దగ్గర నుంచి, ఏ హక్కుతో వచ్చిందన్నది మూడో ప్రశ్న. ఈ మూడింటినీ ఒకే మాట కింద చుట్టేసి తీర్పు చెప్పబోవడం వల్లే చిక్కుముడి బిగిసింది. వీటిని విడదీసి చూస్తే చాలా తగువులు తేలికపడతాయి. కొన్ని మాత్రం అప్పటికీ తేలవు.

డౌన్‌లోడ్ అమ్మకం ఎక్కడ మొదలైంది

గేములను తీగ మీదుగా పంపడం ఇంటర్నెట్ దుకాణాలతో పుట్టింది కాదు. సెగా 1990లోనే జపాన్‌లో మెగా డ్రైవ్‌కు మోడెమ్ తగిలించి, మెగానెట్ పేరుతో ఫోన్ లైను మీద చిన్న గేములు పంపింది. 1994 చివర్లో అమెరికాలో కేబుల్ టీవీ తీగ మీదుగా సెగా ఛానల్ వచ్చింది. నెల చందా కట్టినవారి యంత్రంలోకి ఆట దిగేది, స్విచ్ కట్టేస్తే చెరిగిపోయేది. 1995లో జపాన్‌లో నింటెండో సూపర్ ఫామికామ్ కోసం శాటిలావ్యూ అనే ఉపగ్రహ ప్రసారం మొదలైంది. ఫలానా గంటకు ప్రసారమైన ఆటను ఇంట్లో ఉన్న మెమరీ ప్యాక్‌లోకి దింపుకోవాలి. ప్రసారం 2000లో ఆగిపోయింది. ఆ ఆటల్లో నేడు మనకు దక్కినవి, ఎవరి ఇంట్లోనో చెరపకుండా మిగిలిపోయిన ప్యాకుల పుణ్యమే. కొన్ని ఆటలతో పాటు ప్రత్యక్షంగా వినిపించిన గొంతులు, సంగీతం ప్యాకుల్లో చేరేవే కావు. నేటి చర్చలో పరిరక్షకుల ఆందోళనకు మూలం ఇక్కడే ఉంది. ప్రసారం ఆగడమంటే ఏమిటో వారు ఒకసారి చూశారు.

ఇప్పుడు మనకు తెలిసిన పద్ధతి 2005, 2006 సంవత్సరాల్లో స్థిరపడింది. ఎక్స్‌బాక్స్ 360 2005 నవంబరులో వచ్చింది. ప్లేస్టేషన్ 3, నింటెండో వీ 2006 నవంబరులో వచ్చాయి. మూడింటికీ లోపలే దుకాణం ఉంది. ఆనాటి పరిమాణాలు ఇప్పుడు వింటే ఆశ్చర్యం కలుగుతుంది. 64 మెగాబైట్ల మెమరీ కార్డులో పట్టాలని మైక్రోసాఫ్ట్ మొదట్లో ఒక్కో ఆర్కేడ్ గేము 50 మెగాబైట్లు దాటరాదని నియమం పెట్టింది. వీ యంత్రం లోపలి నిల్వ మొత్తం 512 మెగాబైట్లు, దాని దుకాణంలో అమ్మే వీవేర్ డౌన్‌లోడ్ ఆటకు పరిమితి 40 మెగాబైట్లు. ఆ కాలపు డౌన్‌లోడ్ ఆటలను కుప్పలుగా నేటి మామూలు పెన్‌డ్రైవ్‌లో పెట్టేయొచ్చు. అంటే ఇవి అంతరించిపోతే చోటు లేక పోయాయని ఎవరూ చెప్పలేరు.

ఇక్కడ ఇంకో తేడా గుర్తుంచుకోవాలి. ప్లేస్టేషన్ 2కు మన దేశంలో డౌన్‌లోడ్ దుకాణమే లేదు. దానిలోకి డౌన్‌లోడ్ గేము అంటే ఎవరో డిస్కు నుంచి తీసిన నకలు. పుట్టుకతోనే డౌన్‌లోడ్‌గా వచ్చిన గేము పరిస్థితి వేరు. దానికి డిస్కు ఏనాడూ లేదు. సర్వర్ ఆగితే పాత సామాన్ల అంగడిలో వెతికినా దొరకదు. ఈ రెంటినీ ఒకే గాటన కట్టే రచనలు రెండు పక్షాల్లోనూ ఉన్నాయి.

ఫైలు ఒకచోట, పట్టా ఒకచోట

ఈ వ్యవహారంలో జనం తక్కువగా పట్టించుకునేది, నిజానికి అన్నిటికీ కీలకమైనది, గేము యంత్రంలో ఎలా కూర్చుంటుందన్న సంగతి. కొన్న గేము ఒక వస్తువులా కనిపించినా లోపల రెండు భాగాలుంటాయి. పొలం ఒకచోట, పట్టా ఇంకోచోట ఉన్నట్టే.

నింటెండో పద్ధతినే తీసుకుందాం. వీ, 3డీఎస్ యంత్రాలకు గేము రహస్యలిపిలో వస్తుంది. దాన్ని విప్పే తాళంచెవి ‘టికెట్’ అనే చిన్న ఫైలులో దాగి ఉంటుంది. టికెట్ మీద నింటెండో డిజిటల్ సంతకం ఉంటుంది. డబ్బిచ్చి కొన్న టికెట్ ఆ ఒక్క యంత్రం సంఖ్యకే ముడిపడి ఉంటుంది. సర్వర్ చేసేది రెండు పనులు: ఆటను అందించడం, టికెట్ ఇవ్వడం. మొదటి పని ఏ పెన్‌డ్రైవైనా చేయగలదు. రెండోది తాళం తీయకుండా కంపెనీ తప్ప మరెవరూ చేయలేరు.

ప్లేస్టేషన్ 3లో గేము ‘పీకేజీ’ ప్యాకేజీగా వస్తుంది, లైసెన్సు ఫైలు విడిగా ఉంటుంది. ఆ లైసెన్సు ఖాతాకు, ఆ ఖాతా కింద అనుమతి పొందిన యంత్రానికి కలిపి కట్టి ఉంటుంది. మైక్రోసాఫ్ట్ ఎక్స్‌బాక్స్ 360లో రెండు ముళ్లు వేసింది. గేము కొన్న యంత్రంలో ఇంటిల్లిపాదీ నెట్ లేకుండానే ఆడుకోవచ్చు. వేరే యంత్రంలో ఆడాలంటే మాత్రం కొన్న ఖాతాతో ఆన్‌లైన్‌కు వెళ్లాలి. మూడింటిలో వినియోగదారుకు కాస్త మేలు చేసింది ఇదే. ఎందుకంటే యంత్రం పోయినా ఖాతా మిగులుతుంది, నెట్ పోయినా యంత్రం మిగులుతుంది. రెండూ ఒకేసారి పోతేనే చిక్కు.

వీలో ఆ వెసులుబాటు లేదు. కొనుగోళ్లు యంత్రానికే అంటి ఉన్నాయి, కాబట్టి మదర్‌బోర్డు కాలిపోతే ఆటలూ దానితోనే పోయినట్టు. ప్లేస్టేషన్ 3 హార్డ్‌డిస్కు ఆ యంత్రానికే ప్రత్యేకమైన తాళంచెవితో రాసి ఉంటుంది. దాన్ని ఊడదీసి ఇంకో పీఎస్3లో పెడితే ఫార్మాట్ చేయమని అడుగుతుంది. దానిలో గడియారాన్ని నడిపే చిన్న బిళ్ల సెల్లు ఒకటి ఉంటుంది. ఆ సెల్లు చచ్చిపోయి సమయం చెరిగిపోతే, ఆన్‌లైన్‌కు వెళ్లి సమయం సరిచేసుకునేదాకా కొన్న డౌన్‌లోడ్ గేములు తెరుచుకోవు. ప్లేస్టేషన్ 4లోనూ ఇలాంటి లోపమే బయటపడింది. విమర్శలు వచ్చాక 2021 సెప్టెంబరులో వచ్చిన 9.00 సాఫ్ట్‌వేర్‌తో అది పోయింది. మూడో ప్లేస్టేషన్‌కు ఆ చికిత్స అందలేదు.

ఇవన్నీ కలిపి చూస్తే ఒకటి తేలుతుంది. మళ్లీ డౌన్‌లోడ్ చేసుకోవచ్చన్న హామీ నిలవాలంటే సర్వర్, ఖాతా, బోర్డు, నిల్వ, ఒక్కోసారి బిళ్ల సెల్లు, ఇన్నీ ఒకేసారి బాగుండాలి. వీటిలో సగం మన చేతిలో లేనివి. 2022 మార్చిలో వీ, డీఎస్ఐ దుకాణాల సర్వర్లు హఠాత్తుగా పలకడం మానేశాయి. కొన్న ఆటలను తిరిగి దింపుకునే దారి జూలై దాకా తెరుచుకోలేదు. ఆ నాలుగు నెలలు ఇక ఇంతే అనుకున్నవారు చాలామంది.

చేతిపని చిక్కుల గురించి ఎక్కువ చెప్పనక్కరలేదు. పాత యంత్రాలకు కార్డులు, డ్రైవులు ఎఫ్ఏటీ32 పద్ధతిలో ఫార్మాట్ చేసి ఉండాలి. ఆ పద్ధతిలో ఒక ఫైలు నాలుగు గిగాబైట్లు దాటకూడదు. వీలో ఎస్‌డీ కార్డు నుంచి ఆట నడపడం 2009 మార్చిలో వచ్చిన 4.0 సాఫ్ట్‌వేర్ దాకా కుదరలేదు. గేము ఎక్కలేదని వాపోయేవారి కష్టాల్లో ఎక్కువ భాగం ఇలాంటి చోట్లే ఉంటాయి. వాటికి చట్టంతో పని లేదు.

తాళం ఎలా ఊడింది

తాళం తీసినవాళ్లందరినీ దొంగలనడం చరిత్రకు అన్యాయం. వీ కథ దీనికి మంచి సాక్ష్యం. ట్వీజర్‌తో బోర్డు మీద రెండు చోట్లను కలిపి, దాచిపెట్టిన మెమరీలోంచి తాళంచెవులు బయటికి లాగిన బృందం దాన్నిబట్టే తన పేరు టీమ్ ట్వీజర్స్ అని పెట్టుకుంది. వాళ్లు పట్టుకున్న లోపం చాలా చిన్నది. వీ యంత్రం డిజిటల్ సంతకాన్ని సరిచూసేటప్పుడు రెండు సంఖ్యలను మామూలు అక్షరాల వరుసల్లా పోల్చేది. సున్నా బైటు ఎదురుకాగానే మాట అయిపోయిందనుకుని పోలిక ఆపేసేది. సున్నాతో మొదలయ్యే దొంగ సంతకం దాని కంటికి అసలుదే. 2008లో అదే బృందం ట్విలైట్ హ్యాక్ తెచ్చింది. జెల్డా ఆటలో గుర్రం పేరు ఉండాల్సిన చోట అతి పొడవైన మాట నింపిన సేవ్ ఫైలుతో యంత్రాన్ని తమ చెప్పుచేతల్లోకి తెచ్చుకున్నారు. వాళ్లు కోరుకున్నది సొంత ప్రోగ్రాములు నడిపే వీలు. హోంబ్రూ ఛానల్ అందుకే పుట్టింది. దొంగ నకళ్లకు సాయపడబోమని వాళ్లు బాహాటంగానే చెప్పారు. అయినా వాళ్లు తెరిచిన తలుపులోంచి నకళ్లు కూడా నడిచి వచ్చాయి. ఎవరి ఉద్దేశం ఏదైనా, ఒకసారి తెరుచుకున్న తలుపుకు మనుషులను ఎంచే తెలివి ఉండదు. ఈ చర్చలో నిజాయతీగా ఒప్పుకోవలసిన సంగతుల్లో ఇది మొదటిది.

ప్లేస్టేషన్ 3 కథలో కంపెనీ పాత్ర ఎక్కువ. లినక్స్ లాంటి వ్యవస్థలు నడుపుకోవచ్చని సోనీ మొదట్లో చెప్పింది. 2010 ఏప్రిల్‌లో 3.21 సాఫ్ట్‌వేర్‌తో ఆ సదుపాయాన్ని తీసేసింది. కొన్న వస్తువులోంచి ఒక భాగాన్ని అమ్మినవాడే వెనక్కి లాక్కోవడం అప్పటిదాకా పట్టించుకోని ప్రోగ్రామర్లను రెచ్చగొట్టింది. ఆ డిసెంబరులో బెర్లిన్‌లో జరిగిన కేయాస్ కమ్యూనికేషన్ కాంగ్రెస్‌లో ఫెయిల్ఓవర్‌ఫ్లో బృందం సోనీ లోపాన్ని వేదిక మీద చూపించింది. ప్రతి సంతకానికీ కొత్తగా మారాల్సిన యాదృచ్ఛిక సంఖ్యను సోనీ మార్చకుండా వాడింది. దాంతో రహస్య తాళంచెవిని లెక్క కట్టి రాబట్టవచ్చు. ఆ తాళంచెవిని బయటపెట్టిన హ్యాకర్ జార్జ్ హాట్జ్ మీద 2011 జనవరిలో సోనీ దావా వేసింది. ఏప్రిల్‌లో అది రాజీతో ముగిసింది.

3డీఎస్‌లో లోపం యంత్రం పుట్టుకతో చిప్పులో చెక్కిన మొదటి ప్రోగ్రాములోనే దొరికింది. 2016 చివర్లో బయటపెట్టిన ఆ లోపాన్ని ఏ అప్‌డేటూ పూడ్చలేదు. అంతకు చాలా ముందే పీఎస్‌పీకి ఇంకో రకం దెబ్బ తగిలింది. పాత సాఫ్ట్‌వేర్‌కు తిరిగి మార్చే పనిముట్టునని చెప్పుకున్న ఒక ఫైలు 2005లో వ్యాపించింది. అది వ్యవస్థ ఫైళ్లను చెరిపేసి యంత్రాలను పనికిరాకుండా చేసింది. ఊరూ పేరూ లేని ఫైలు ఎక్కించడంలో ఉన్న ప్రమాదం కంపెనీలు కల్పించిన బూచి కాదని ఆ ఉదంతం చూపుతుంది.

నాలుగు వాదాలు

మొదటిది హక్కుదారుల వాదం. మేము అమ్మింది లైసెన్సు, వస్తువు కాదు. తాళం తెగితే నేటి యంత్రాల మీదికీ అదే విద్య పాకుతుంది. పాత ఆటలను మేమే మళ్లీ సరిచేసి అమ్ముకుంటాం, ఉచిత నకళ్లు ఆ మార్కెట్‌ను చంపేస్తాయి అంటారు. చివరి మాటలో పస ఉంది. ‘స్కాట్ పిల్‌గ్రిమ్’ సినిమా పేరుతో వచ్చిన 2010 నాటి గేము 2014 డిసెంబరులో దుకాణాల నుంచి మాయమై, 2021 జనవరిలో మళ్లీ అమ్మకానికి వచ్చింది. ఆరేళ్లు కనబడని ఆట కూడా వ్యాపారంగా బతికి ఉండవచ్చునన్నమాట. కానీ అలా తిరిగి వచ్చేవి ఎన్ని? వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ 2023 జూలైలో వెలువరించిన అధ్యయనం ప్రకారం, అమెరికాలో 2010కి ముందు విడుదలైన ఆటల్లో 87 శాతం నేడు మార్కెట్లో దొరకవు. మళ్లీ అమ్ముతామన్న మాట మిగిలిన పదమూడు శాతానికే నిజమైంది. ఈ ఒక్క అంకె హక్కుదారుల వాదాన్ని కూల్చేయదు గాని, దానికి గట్టి హద్దు గీస్తుంది.

రెండోది కొనుగోలుదారు వాదం. డబ్బిచ్చాను, రసీదు ఉంది, యంత్రం ఉంది. సర్వర్ నడపడం నీకు బరువైతే నా ఆట నన్ను దాచుకోనివ్వు అంటుందిది. నాకు నాలుగింటిలోనూ అత్యంత బలంగా తోచింది ఇదే. కంపెనీకి ఇక్కడ పోయే అమ్మకం ఏమీ లేదు. ఇలా అడిగేవారు కొత్తగా ఒక్క ఆట కూడా కోరడం లేదు.

మూడోది పరిరక్షకులది. వారి దృష్టి ఒక్కరి సొత్తు మీద ఉండదు. ‘పి.టి.’ అనే భయానక ఆట 2014 ఆగస్టులో ప్లేస్టేషన్ 4లో ఉచితంగా వచ్చింది, 2015 ఏప్రిల్‌లో తొలగిపోయింది, ఆ తర్వాత ముందే దింపుకున్నవారు చెరిపేసినా మళ్లీ దింపుకునే దారి లేకపోయింది. ఎన్నో వ్యాసాలు రాయించుకున్న, తర్వాతి భయానక ఆటలను ప్రభావితం చేసిన ఒక రచన, కొందరి హార్డ్‌డిస్కుల దయ మీద బతకవలసి వచ్చింది. 2023లో ఒక అమెరికా యూట్యూబర్ దుకాణం మూసేలోగా వీ యూ ఆటలు 866, 3డీఎస్ ఆటలు 1,547 కొనేశాడు. అందుకు 22,791 డాలర్లయింది. సొంత డబ్బుతో ఒక మనిషి ఇలా పూనుకోవలసి రావడం సంస్థలు ఎంత వెనకబడ్డాయో చెబుతుంది. అయితే పరిరక్షకుల్లోనే రెండు పాయలున్నాయి. ఒక పాయ గ్రంథాలయాలు, మ్యూజియంలు చట్టం గీసిన గీత లోపలే చేయాలంటుంది. మరో పాయ, చేతిలో తెరిచిన కన్సోల్ ఉన్న వేలమంది అభిమానులే నిజమైన భాండాగారమంటుంది. శాటిలావ్యూ అనుభవం రెండో పాయకే సాక్ష్యమిస్తోంది.

నాలుగోది, అమ్మకంలో లేనిది తీసుకుంటే ఎవరికీ నష్టం లేదన్న వాదం. వినడానికి సబబుగానే ఉన్నా, ఆచరణలో దీని గీత నిలవడం లేదు. ఇవాళ అమ్మకంలో లేనిది రేపు రావచ్చు. ఒక యంత్రం మీద లేనిది ఇంకో యంత్రం మీద ఉండవచ్చు. ఎక్స్‌బాక్స్ 360 దుకాణం మూసినా అందులోని ఆటలు కొన్ని కొత్త ఎక్స్‌బాక్స్‌ల మీద ఇప్పటికీ అమ్ముడవుతున్నాయి. పైగా ఈ వాదం మాటున ఎక్కించుకునేవాటిలో నేటికీ హాయిగా దొరికే ఆటలు చాలా ఉంటాయి. వాటికి ఈ సమర్థన చెల్లదు.

చట్టాలు ఏమంటున్నాయి

అమెరికాలో 1998 డిజిటల్ మిలీనియం కాపీరైట్ చట్టం తాళం తీయడాన్నే వేరుగా నేరం చేసింది. మూడేళ్లకోసారి మినహాయింపులు ఇస్తారు. 2015లో సర్వర్ అనుమతి ఆగిపోయిన ఆటలకు ఒక మినహాయింపు వచ్చింది. కానీ అందులో కన్సోల్ తాళమే తీయడం గ్రంథాలయాలకు, భాండాగారాలకు, మ్యూజియంలకు మాత్రమే అనుమతించారు. మామూలు ఆటగాడికి లేదు. 2021లో కన్సోల్ డిస్కు డ్రైవు మరమ్మతుకు వెసులుబాటు దొరికింది. 2024 అక్టోబరులో, భద్రపరిచిన ఆటలను పరిశోధకులు దూరం నుంచి చూసే అనుమతి అడిగితే తోసిపుచ్చారు. పాత పుస్తకాన్ని స్కాన్ చేసి పంపే గ్రంథాలయం పాత ఆటను మాత్రం తన గోడల మధ్యే చూపాలనడం విచారకరం. కాలిఫోర్నియా ఇంకో వైపు నుంచి వచ్చింది. 2025 జనవరి నుంచి, ఇచ్చేది లైసెన్సు మాత్రమేనని స్పష్టంగా చెప్పకుండా ‘కొనండి’ అని రాయకూడదన్నది. మాటలో నిజాయతీ వచ్చింది గాని, ఆట దక్కే దారి రాలేదు.

ఆస్ట్రేలియా హైకోర్టు 2005లో స్టీవెన్స్ కేసులో, తాళాన్ని దాటించే ప్లేస్టేషన్ మోడ్ చిప్ అమ్మడం తప్పు కాదంది. తర్వాత ఆ దేశం చట్టమే మార్చుకుంది. ఐరోపా న్యాయస్థానం 2014లో నింటెండో, పీసీ బాక్స్ కేసులో తాళానికి రక్షణ దామాషాలో ఉండాలని, తాళం దాటించే పరికరాన్ని జనం నిజంగా దేనికి వాడుతున్నారో చూడాలని చెప్పి, తేల్చే పని మిలాన్ కోర్టుకు వదిలింది. నాకు తెలిసినంతలో ఈ మొత్తం వివాదంలో వినిపించిన అత్యంత సమంజసమైన సూత్రం అదే.

మన దేశపు చట్టం గురించి తెలుగులో చర్చ దాదాపు లేదు. చూస్తే అది అమెరికా చట్టం కన్నా ఉదారమైనది. కాపీరైట్ చట్టంలో 2012 సవరణతో వచ్చిన 65ఎ సెక్షన్, హక్కులను ఉల్లంఘించే ఉద్దేశంతో తాళం తీస్తేనే శిక్ష అంటుంది. శిక్ష రెండేళ్ల దాకా జైలు, జరిమానా. చట్టం నిషేధించని పని కోసమైతే ఆ సెక్షన్ అడ్డు రాదు. 52వ సెక్షన్ ఇంకా ముందుకు వెళ్లి, చట్టబద్ధంగా సంపాదించిన ప్రోగ్రాము నుంచి వ్యాపారేతర సొంత వాడకానికి నకలు చేసుకోవచ్చంటుంది. అంటే తన డబ్బుతో కొన్న ఆటను తన పాత కన్సోల్‌లోనే మళ్లీ ఎక్కించుకునే మనిషికి ఇక్కడ నిలబడటానికి చోటుంది. ఎక్కడినుంచో దింపిన పరాయి నకలుకు ఆ చోటు లేదు. ఇంకొకరి యంత్రం తాళం తీసిపెట్టే దుకాణదారుకు 65ఎలోనే ఒక షరతు ఉంది. ఆ వ్యక్తి పేరు, చిరునామా, ఏ పనికోసం తీయించుకున్నాడన్నది పూర్తిగా రాసి ఉంచాలి. గేములు ఎక్కించి ఇచ్చే దుకాణాల్లో ఈ షరతు ప్రస్తావన వినిపించదు.

హైదరాబాద్‌లో పుట్టిన రెండు ఆటలు

ఈ వాదం మనకు దూరపు గొడవ అనిపించవచ్చు, కానీ కాదు. 2009లో ప్లేస్టేషన్ 2 మీద విడుదలైన ‘హనుమాన్: బాయ్ వారియర్’ను హైదరాబాద్‌కు చెందిన అరోనా టెక్నాలజీస్ తయారుచేసింది. కబడ్డీ, గాలిపటాల లాంటి మన ఆటలతో అదే ఏడాది వచ్చిన ‘దేశీ అడ్డా’ కూడా హైదరాబాద్ సంస్థ గేమ్‌శాస్త్రదే. ఆటలుగా అవి ఎంత గొప్పవన్నది వేరే చర్చ. మన నగరంలో కూర్చుని ఒక తరం యువకులు ప్రపంచపు కన్సోల్‌కు ప్రోగ్రాము రాయడం నేర్చుకున్న తొలి ఆనవాళ్లు అవి. వాటి డిస్కులు గీతలు పడుతున్నాయి. ప్లేస్టేషన్ 2 లేజరు కళ్లు మసకబారుతున్నాయి. మెమరీ కార్డు నుంచి యంత్రాన్ని తెరిచే ఫ్రీ మెక్‌బూట్, హార్డ్‌డిస్కు నుంచి ఆట నడిపే ఓపెన్ పీఎస్2 లోడర్ లాంటి అభిమానుల పనిముట్లు లేకపోతే, లేజరు పోయిన యంత్రంలో ఈ ఆటలు చూడటం కష్టం.

1954 నాటి డెలివరీ ఆఫ్ బుక్స్ చట్టం ప్రకారం దేశంలో అచ్చయిన ప్రతి పుస్తకం కోల్‌కతా జాతీయ గ్రంథాలయానికి, మరో మూడు గ్రంథాలయాలకు చేరాలి. వీడియో గేములకు అలాంటి నియమం లేదు. ఫ్రాన్స్ 1992 నుంచే తమ జాతీయ గ్రంథాలయంలో ఆటలను జమ చేయించుకుంటోంది. మనం పుస్తకానికి ఇచ్చిన గౌరవాన్ని మన పిల్లలు ఆడిన ఆటకు ఇంకా ఇవ్వలేదు. రెండు తెలుగు రాష్ట్రాల్లో ఒక్క విశ్వవిద్యాలయ గ్రంథాలయమైనా ఈ రెండు ఆటలతో మొదలుపెట్టవచ్చు.

యంత్రాలను పక్కపక్కన పెడితే

ఎక్స్‌బాక్స్ 360లో కొన్న ఆటను నిలుపుకోవడం చాలావరకు చట్టబద్ధంగానే సాధ్యం. మూసివేత తర్వాత కూడా పాత కొనుగోళ్లు దింపుకోనిస్తున్నారు, కొన్న యంత్రం ఆఫ్‌లైన్‌లో పనిచేస్తుంది. ప్లేస్టేషన్ 3 దుకాణం తెరిచే ఉంది గాని, 2021 అక్టోబరు నుంచి అందులో నేరుగా కార్డుతో చెల్లించలేరు, వాలెట్‌ను మరోచోట నింపుకోవాలి. దాని అసలు బలహీనత గడియారం, బోర్డు. 3డీఎస్, వీ యూలలో మళ్లీ దింపుకోవడం ప్రస్తుతానికి సాగుతోంది. తాళం తీయడం తేలికైన యంత్రం కావడంతో 3డీఎస్ వాడకందారుల్లో సొంత బ్యాకప్ సంస్కృతి బలంగా ఉంది. వీ పరిస్థితి అన్నిటికన్నా దీనం: నిల్వ చిన్నది, హక్కు యంత్రానికే కట్టిపడేసి ఉంది, సర్వర్ ఒకసారి నెలల తరబడి మూగబోయింది. పీఎస్‌పీ ఆటలు చాలావరకు పీఎస్3 ద్వారా దింపుకుని ఎక్కించుకోవచ్చు, అది ఉన్నన్నాళ్లు. ప్లేస్టేషన్ 2కు మిగిలింది డిస్కు, దాని నకలు.

ఇంకా తేలనివి

లైసెన్సు ఒప్పందంలో నకలు చేయరాదని రాసి, చట్టం చేయవచ్చంటే ఏది నెగ్గుతుంది? ఇంట్లో వాడిన కన్సోల్ ఆట విషయంలో మన కోర్టులు ఈ ప్రశ్నకు సూటిగా జవాబు చెప్పవలసిన రోజు రావచ్చు. ఐరోపా న్యాయస్థానం 2012లో యూజ్డ్‌సాఫ్ట్ కేసులో డౌన్‌లోడ్ చేసిన సాఫ్ట్‌వేర్‌ను తిరిగి అమ్ముకోవచ్చంది. ఆటలకు అది వర్తిస్తుందని పారిస్ కోర్టు 2019లో అంటే, పై కోర్టు 2022లో కాదంది. అమ్ముకునే హక్కే తేలనప్పుడు దాచుకునే హక్కు సంగతి చెప్పనక్కరలేదు.

దుకాణం మూసే కంపెనీ చివరి అప్‌డేట్‌తో, కొన్న ఆటలు సర్వర్‌తో పని లేకుండా తెరుచుకునే ఏర్పాటు చేయాలా? సాంకేతికంగా ఇది అసాధ్యం కాదు. టికెట్ల మీద సంతకం పెట్టే చేయి వారిదే. ‘ద క్రూ’ అనే ఆట 2024 మార్చి 31న ఆగిపోయాక ఐరోపాలో మొదలైన ‘స్టాప్ కిల్లింగ్ గేమ్స్’ ఉద్యమం అడుగుతున్నది దాదాపు ఇదే. 2025 జూలైలో ఆ వినతి మీద సంతకాలు పది లక్షలు దాటాయి. కంపెనీలు దీనికి చెప్పే భద్రతా కారణాలు నేటి యంత్రాలకు నిలుస్తాయి. 2006 నాటి యంత్రానికి ఎంతవరకు నిలుస్తాయో వారు వివరంగా చెప్పవలసి ఉంది.

హక్కుదారు ఎవరో తెలియని ఆటల మాటేమిటి? చిన్న స్టూడియోలు మూతపడ్డాయి, హక్కులు చేతులు మారాయి, కొన్నింటికి అడిగి అనుమతి తీసుకుందామన్నా అడగడానికి మనిషి లేడు. అమెరికా చట్టం ప్రకారం కంపెనీ పేరిట 2006లో విడుదలైన ఆట మీద హక్కు 2101 దాకా ఉంటుంది. వీ యంత్రం నిల్వ చిప్పులు, పీఎస్3 బోర్డులు, ఏ హార్డ్‌డిస్కూ అన్నేళ్లు బతకవు. ఇలాంటి ఆటలను ఎవరు, ఏ అనుమతితో నకలు తీసి ఉంచాలన్న దానికి ఏ దేశమూ ఇప్పటికి పూర్తి జవాబు రాసుకోలేదు. ఆ పని మాత్రం పేరు చెప్పుకోని కొందరి ఇళ్లలో, చట్టం అంచున, జరుగుతూనే ఉంది.